దగ్గకుండా పోవాల్సిన కారు

మా కారుకి దగ్గు ఉండేది. అలా అంటే మా ఆయనకి కోపం. "దగ్గు కాదు, మిస్సింగ్" అనేవాడు, పేరు మారిస్తే రోగం తగ్గిపోతుందన్నట్టు. బొగ్గుగనుల్లో పనిచేసి రిటైరైన ఒక ఆఫీసరు కొత్తగూడెం వదిలి వెళ్లిపోతూ అమ్మితే కొన్న పాత పెట్రోలు కారది. పాల రంగు, గుండ్రటి ముక్కు, లోపల రేడియో. తల్లాడ పక్కన మా ఊళ్లో ట్రాక్టర్లు చాలానే ఉండేవి గానీ కారు మాత్రం మాదొక్కటే. అందుకే అది మా ఒక్కరిదే అని ఊళ్లో ఎవరూ అనుకోలేదు. పురిటికి దవాఖానాకి వెళ్లాలన్నా, పెళ్లికొడుకుని ఊరేగించాలన్నా నేరుగా మా వాకిట్లోకి వచ్చి నిలబడేవారు. మా అత్తమ్మ ఎవరినీ కాదనేది కాదు. ఆ కారు ఆమె పెద్దరికానికి నాలుగు చక్రాలు.

ఇదంతా ఎనభైల నాటి మాట. నేను మధిర వైపు నుంచి కోడలిగా వచ్చి కొన్నేళ్లే అయింది. నా "ఏంటండీ"లు, "వచ్చాడండీ"లు విని అత్తమ్మ "ఏందమ్మా ఆ సాగదీసుడు, జల్దీ చెప్పు" అని ఆటపట్టించేది. నేనూ తక్కువ తినలేదు. ఆవిడ "గిట్ల", "గట్ల" అన్నప్పుడల్లా మళ్లీ చెప్పించుకునేదాన్ని. మా ఇద్దరికీ బాగానే కుదిరింది. ఆవిడకి కుదరనిది ఒక్క సొంత చెల్లెలితోనే. ఆ గొడవకి మూలం కూడా ఈ కారే.

అత్తమ్మ చెల్లెల్ని నేను చిన్నత్తమ్మ అనేదాన్ని. ఆమె ఇల్లు భద్రాచలంలో, గోదావరి వంతెన దాటి దుమ్ముగూడెం వైపు మళ్లాక ఊరి చివర ఉంటుంది. వెనక మిరప చేలు, ఆ వెనక అడవి. ఆమె కూతురి పెళ్లికి అత్తమ్మ మా కారు పంపింది. పంపడమంటే ఊరికే పంపలేదు. ముందురోజంతా నిలబడి కడిగించి, పూలు కట్టించి, మా ఇద్దరితో పాటు తనూ అందులోనే కూర్చుని వెళ్లింది. శ్రావణమాసం, ఎడతెగని ముసురు. పెళ్లికొడుకుని ఎక్కించుకుని విడిదింటి నుంచి బయలుదేరిన కారు సగం దారిలో వణికింది, ముక్కింది, ఆపైన వెనక గొట్టంలోంచి ఠప్‌మని పేలింది. ఆ రోజుల్లో ఆ అడవి అంచున ఏది పేలినా జనం ఒక్క క్షణం ఊపిరి బిగబట్టేవారు. బ్యాండు ఆగిపోయింది. మగపెళ్లివారిలో ఒక పెద్దాయన పక్కనున్న ఎడ్లబండి కిందికి దూరాడు. ఆయన్ని బయటికి రప్పించడానికి చాలాసేపు బతిమాలాల్సి వచ్చింది.

చిన్నత్తమ్మకి తల కొట్టేసినట్టయింది. వియ్యపురాలి ముందు ఏదో ఒకటి అనాలి కదా, అనేసింది. "మా అక్క కారు గదా, మా అక్క లెక్కనే ఉంటది. పైన నున్నగ, లోపలంత గొణుగుడే."

ఆ మాట అనేటప్పుడు అక్క వెనకే ఉందని ఆమెకి తెలియదు. అత్తమ్మ అప్పగింతలయ్యేదాకా ఉండి, భోజనానికి కూర్చోకుండా, దగ్గుతున్న అదే కారులో ఇంటికి వచ్చేసింది. దారి పొడుగునా మేమెవరం నోరు తెరవలేదు. మాట్లాడిందల్లా ఇంజనే.

ఆ తర్వాత ఏళ్ల తరబడి అక్కాచెల్లెళ్ల మధ్య రాకపోకల్లేవు. దసరా నాడు చిన్నవాళ్లు పెద్దవాళ్ల చేతిలో జమ్మి ఆకు పెట్టి కాళ్లకు మొక్కడం మా దగ్గర రివాజు. ఆ ఆకునే బంగారం అంటాం. ఎంత విరోధమున్నా జమ్మి పెడితే ఇక మనసులో ఏమీ మిగుల్చుకోకూడదు. ప్రతి దసరా సాయంత్రం ఊరంతా వచ్చి అత్తమ్మ చేతిలో జమ్మి పెట్టి వెళ్లేవారు. ఆవిడ మాత్రం దీపాలు పెట్టే వేళ దాటాక కూడా ఆ చెయ్యి కడుక్కోకుండా వీధివైపు చూస్తూ కూర్చునేది. ఎవరికోసం అని అడిగే ధైర్యం నాకే లేకపోతే ఇంకెవరికి ఉంటుంది.

ఒక ఏడాది దసరా ముందు కబురొచ్చింది. చిన్నత్తమ్మ మిరప చేలో గట్టు మీంచి జారిపడి కాలు విరగ్గొట్టుకుంది. సిమెంటు కట్టుతో మంచం మీద ఉంది. కబురు తెచ్చిన చుట్టం మంచినీళ్లు తాగుతూ ఇంకో మాట చెప్పాడు. "ఈ దసరాకు ఎట్లనన్న పోయి అక్కకు జమ్మి పెట్టాలనుకున్న, కాలు లేకపాయె అని ఏడ్చిందమ్మా."

అత్తమ్మ లోపలికి వెళ్లి చాలాసేపు రాలేదు. వచ్చాక కొడుకుని పిలిచింది.

"దసరా నాడు పోదం. దానికి కాలు లేకుంటే నాకున్నయ్ గద."

మా ఆయన సంబరపడిపోయాడు. "అట్లనే అమ్మా. ఖమ్మంల ఒక మంచి జీపు కిరాయికి మాట్లాడుత."

"కిరాయి బండి ఎందుకురా? మన కారులనే పోవాలె. దాని వాకిట్లకు పోయి ఆగేదాక ఒక్కసారి గూడ దగ్గొద్దు. దగ్గిందో, నేను దిగ. దిగకుండనే వెనక్కి తిప్పిస్త."

తిప్పిస్తుంది కూడా. ఆవిడ సంగతి మాకు తెలుసు. ఇంకొక్కసారి వెనక్కి తిరిగితే ఈ జన్మకి ఆ ఇద్దరూ కలవరని కూడా తెలుసు. అలా మా ఇంటి దసరా మొత్తం ఒక ఇంజను గొంతు మీదకి వచ్చి పడింది.

రోగం ఏమిటో మా ఆయనే కనిపెట్టాడు. పట్టపగలు బానెట్ ఎత్తి, ఇంజను ఆన్‌లో ఉంచి, తలా బానెట్టూ కలిపి గొంగడి కప్పుకుని లోపలికి తొంగి చూశాడు. దారిన పోయేవాళ్లు ఆవిరి పడుతున్నాడేమో, జలుబు చేసిందేమో అని నన్ను పలకరించి మరీ వెళ్లారు. లోపలినుంచే "జల్దీ రా, చూడు" అని కేకేశాడు. నేనూ గొంగడిలో దూరాను. ఆ చీకట్లో ప్లగ్గులకి వెళ్లే నల్లటి వైర్ల ఒంటి మీద సన్నని నీలం మెరుపులు చిటచిటమంటూ కనబడ్డాయి. వైర్లు ముసలివై పైతోలు పగిలింది. ప్లగ్గుకి చేరాల్సిన కరెంటు దారిలోనే కారిపోతోంది. ముసురు పట్టిన రోజున మరీ ఎక్కువ. పెళ్లినాడు జరిగింది అదే. చూడ్డానికి ఎంత బాగుందో చెప్పలేను. మా పరువు తీసిన వస్తువు అంత అందంగా ఉండటం నాకు నచ్చలేదు.

కొత్త వైర్ల కోసం ఇద్దరం ఆ కారులోనే ఖమ్మం వెళ్లాం. మోటారు సామాన్ల దుకాణాయన మాటకారి. వైర్లడిగితే ముందు టైర్ల గురించి, తర్వాత తన అల్లుడి గురించి చెప్పాడు. ఆఖరికి రెండు రకాలు తీసి బల్ల మీద పెట్టాడు. ఒకటి లోపల కార్బన్ దారం ఉన్నది, నాలుగూ ప్లగ్గుల మీద కూర్చునే టోపీలతో సహా సెట్టుగా వస్తుంది, చూడ్డానికి నాజూకు. రెండోది చుట్టగా ఉండే లావాటి వైరు, లోపల రాగి తీగలు. కావలసినంత కోసిస్తాడు, టోపీలు మనం బిగించుకోవాలి.

"ఏది మంచిదండీ?" అని అడిగాను.

"రెండూ మంచియే అమ్మా. కార్బన్‌ది ఏస్తే రేడియో సాఫ్‌గ వినబడుతది. రాగిది ఏస్తే గరగరమంటది. కాకపోతే కార్బన్‌ది సుతారం మనిషి లెక్క. పట్టి గుంజితే లోపల తెగుతది, పైకి తెల్వదు. రాగిది మొండిది."

మా ఆయన చెయ్యి అప్పటికే కార్బన్ సెట్టు మీద ఉంది. ఆయనకి కారంటే సగం రేడియోనే. పొద్దున్నే పొలం వెళ్లడానికి కారు అక్కర్లేదు, అయినా పాట కోసం కారులోనే వెళ్లేవాడు.

"పాట కోసం పోతున్నామా భద్రాచలం? అత్తమ్మ పంతం కోసం పోతున్నామా?" అన్నాను.

"తొవ్వల పాట లేకుంటే ఎట్లనే?"

"మీ అమ్మగారు ఉంటారుగా. పాటకి లోటేం ఉండదు."

దుకాణాయన నవ్వు ఆపుకోలేక లోపలికి వెళ్లాడు. రాగి వైరే కొన్నాం. ఇంటికి వచ్చేదాకా మా ఆయన రేడియో పూర్తి గొంతుతో పెట్టాడు, అదే ఆఖరి రోజన్నట్టు.

దసరా ముందురోజు మధ్యాహ్నం వాకిట్లో ఆపరేషన్ మొదలైంది. ప్లగ్గులకి నాలుగు, వాటికి కరెంటు పంపే కాయిల్ నుంచి వచ్చేది ఒకటి. దుకాణాయన చెప్పిన జాగ్రత్త ఒక్కటే. అన్నీ ఒకేసారి పీకొద్దు. ఒకటి తీసి, దాని కొలతకి కొత్తది కోసి, దాని చోట పెట్టాకే రెండోది ముట్టుకోవాలి. ఎందుకంటే ఒక్కో ప్లగ్గుకీ నిప్పు అందాల్సిన వంతు ఒకటి ఉంటుంది. ఆ వంతు తప్పితే ఇంజను తంతుంది. చివరి వాటి పొడుగు వేరు కాబట్టి పోల్చుకోవచ్చు గానీ మధ్యలో రెండూ కవలపిల్లల్లా ఒకే పొడుగు. నేను పాత వైరు పక్కన పెట్టి కొలవడం, మా ఆయన కోసి టోపీ బిగించడం. అత్తమ్మ మంచం వాకిట్లోకి లాక్కుని, పక్కన పసుపు గిన్నె పెట్టుకుని కూర్చుంది.

అన్నీ అయ్యాక తాళం తిప్పాడు. ఆ చప్పుడు నాకిప్పటికీ చెవిలో ఉంది. అసలు చప్పుడే లేదు. కుట్టుమిషను తొక్కినట్టు సన్నగా, ఒకే తీరుగా నడిచింది. అత్తమ్మ లేచి వచ్చి బానెట్ మీద చెయ్యి వేసి, జ్వరం చూసినట్టు చూసింది.

"మంచిగుందిరా. ఇగ గా వైర్లకింత పసుపు పెడుత, జరుగు."

"అమ్మా, వద్దే. తడి తగులొద్దు వాటికి. మళ్ల దగ్గుతది. పైన ఎంతన్న పెట్టుకో, లోపల మాత్రం ముట్టుకోవద్దు."

అత్తమ్మ మొహం మాడ్చుకుంది. "ఆయుధపూజ నాడు ఆయుధాన్ని ముట్టుకోవద్దంట" అని నాతో చెప్పుకుంది. మర్నాడు పొద్దున కొడవళ్లకీ, నాగలికీ, మోటారు స్టార్టరుకీ, చివరికి నా రుబ్బురోలుకీ పసుపు కుంకుమలు పడ్డాయి. కారుకి బానెట్ మీద, చక్రాల మీద, స్టీరింగు మీద పెట్టింది. మూసి ఉన్న బానెట్ వైపు మాత్రం, విందులో ఒకరికి వడ్డించకుండా వచ్చేసినట్టు, మళ్లీ మళ్లీ చూసింది. నేను గమనించాను గానీ పట్టించుకోలేదు.

ప్రయాణం ఎంత హాయిగా సాగిందో. కొత్తగూడెం దాటాం, పాల్వంచ దాటాం, అడవి మొదలైంది. కారు కిక్కురుమనలేదు. రేడియో మాత్రం గరగరమంటూనే ఉంది. మా ఆయన కాసేపు విని, ఓసారి నావైపు చూసి, కట్టేశాడు. దసరా నాడు పాలపిట్ట కనబడితే శుభమని ఆయన రోడ్డు వదిలేసి చెట్ల కేసి చూస్తూ నడుపుతుంటే, నేను ఆయన కేసి చూస్తూ దేవుళ్లకి మొక్కుతూ కూర్చున్నాను. చివరికి ఒక కరెంటు తీగ మీద కనబడింది. అత్తమ్మ వెనక సీట్లోంచి రెండు చేతులూ జోడించింది. "అయితది రా. ఇయాల అంత మంచే అయితది."

గోదావరికి ఇవతల, సారపాక వైపు వంతెన మొదట్లో ఆగాం. పాత కారు కదా, ఎక్కువ దూరం వచ్చాక రేడియేటర్లో నీళ్లు చూడాలి. మా ఆయన బానెట్ ఎత్తి పెట్టి, చల్లారనిద్దాం అన్నాడు. అప్పుడు అత్తమ్మ ఎన్నడూ లేనంత ప్రేమగా మాట్లాడింది.

"గోదారి కాడిదాక వచ్చి కాళ్లన్న కడుగకపోతే ఎట్ల? ఇద్దరు పోయి దండం పెట్టుకోని రాపోండ్రి. నాకు మెట్లు దిగరాదు, నేను ఈడనే ఉంట."

మేం వెళ్లాం. తిరిగి వచ్చేసరికి బానెట్ మూసి ఉంది. అత్తమ్మ వెనక సీట్లో బడిలో పిల్లలా చేతులు ఒళ్లో పెట్టుకుని కూర్చుంది. "నీళ్లు చూడలె కదమ్మా" అంటే, "గా పిలగానితోని పోయించిన, నిండుగున్నయ్" అని పక్కన బడ్డీకొట్టు వైపు చూపించింది. ఆవిడ వేళ్లు పసుపుగా ఉన్నాయి. పండగ రోజు ఏ ఆడదాని వేళ్లు పసుపుగా ఉండవు గనక?

తాళం తిప్పగానే కారు మొత్తం వణికింది. ఇంజను గుర్రుమంది, ముక్కింది, ఎలాగో అందుకుంది. మా ఆయన మొహంలో నెత్తురు చుక్క లేదు. దిగి చూద్దామంటే వెనక లారీలు బారులు తీరి హారన్లు కొడుతున్నాయి. తప్పక వంతెన ఎక్కించాడు. సగం దూరం పోయామో లేదో, ఠప్. సైకిలు మీద పోతున్నాయన సైకిలు వదిలేసి రెయిలింగు పట్టుకున్నాడు. మళ్లీ ఠప్. నాకు ఏడుపొచ్చింది. అన్ని జాగ్రత్తలు తీసుకుని, పాటలు కూడా మానుకుని, సరిగ్గా ఇక్కడికి వచ్చి ఇలా అవుతుందా అని ఆ ఇంజను మీద ఎంత కోపమొచ్చిందో.

వంతెన దిగాక మా ఆయన పక్కకి తీయబోయాడు. "అమ్మా, ఒక్క నిమిషం ఆపి చూస్త."

"ఆపకు."

"దగ్గుతుంది కదనే."

"దగ్గనీ. ఆపితే మళ్ల లెవ్వదు. పోనియ్యి."

ఆశ్చర్యంతో వెనక్కి తిరిగి చూశాను. అత్తమ్మ కిటికీలోంచి బయటికి చూస్తోంది. ఆవిడ మొహంలో కోపం లేదు. దొరికిపోయిన దొంగ మొహం అది. అప్పుడు కూడా నాకు తట్టలేదు.

దుమ్ముగూడెం దారిలోకి మళ్లాం. ఇళ్లలోంచి జనం తొంగి చూస్తున్నారు. చిన్నత్తమ్మ వాకిట్లోకి వెళ్లి అన్నిటికంటే పెద్ద పేలుడొకటి పేల్చి మరీ ఆగిపోయింది మా కారు. చెట్టు మీద కాకులన్నీ లేచిపోయాయి. అత్తమ్మ దిగలేదు. మాటంటే మాటే, వెనక్కి తిప్పమంటుంది అనుకుని నేను కళ్లు మూసుకున్నాను.

"అక్కా. వచ్చినవా."

కళ్లు తెరిచాను. మంచం మీద ఉండాల్సిన చిన్నత్తమ్మ గడపలో నిలబడి ఉంది. సిమెంటు కాలు గాలిలో పెట్టి, ద్వారబంధాన్ని రెండు చేతులా పట్టుకుని నిలబడి ఉంది. ఆమె కోడలు వెనక నుంచి నడుం పట్టుకుని ఆపలేక ఆపుతోంది.

"వంతెన మీద టప్‌మన్నప్పుడే లేచిన. మా అక్క వస్తుందని చెప్తే ఈ పిల్ల నమ్మదు" అంది.

అత్తమ్మ తలుపు తీసింది. దిగింది. కానీ అక్కడే ఆగిపోయింది. "కొత్త వైర్లు ఏయించిన చెల్లె. సప్పుడు లేకుంట రావాలని ఏయించిన. తల్లాడ నుంచి గోదారి దాక అసలు దగ్గలె. కారుది తప్పు లేదు" అంది, కోర్టులో సాక్ష్యం చెబుతున్నట్టు.

"ఎందుకేయించినవే?" అంది చిన్నత్తమ్మ. "సప్పుడు లేకుంట వస్తే నాకెట్ల ఎరుకైతది? గా మాట నోరు జారిన కాడికెళ్లి, రోడ్డు మీద ఏ బండి టప్‌మన్నా చేతిల పని ఇడిసిపెట్టి వాకిట్లకొచ్చి చూస్తున్న. లారీ అయితది, ట్రాక్టర్ అయితది. నువ్వు గావు."

అత్తమ్మ గబగబా మెట్లెక్కి చెల్లెల్ని పట్టుకుంది. చిన్నత్తమ్మ కొంగు ముడి విప్పి జమ్మి రెమ్మ తీసింది. సాయంత్రం జమ్మిపూజ దాకా ఆగలేక పొద్దున్నే తెప్పించి ముడేసుకుందట, సగం వాడిపోయింది. అక్క చేతిలో పెట్టి వంగబోతే కాలు సహకరించలేదు. "నీ మొక్కులు నాకొద్దు గని నిలబడు, ఇంకో కాలు గూడ ఇరుగుతది" అని అత్తమ్మ తిట్టింది. తిడుతూనే ఏడ్చింది. నేనూ ఏడ్చాను, సిగ్గేం లేదు.

మా ఆయన మాత్రం ఏడవలేదు. అప్పటికే బానెట్ ఎత్తి, నోరు తెరుచుకుని నిలబడ్డాడు. వెళ్లి చూద్దును కదా, లోపల పేరంటం జరిగినట్టుంది. నాలుగు వైర్లకీ ఈ చివర నుంచి ఆ చివర దాకా పసుపు, టోపీలకి కుంకుమ బొట్లు, రేడియేటర్ మీద ఒక బంతిపువ్వు. టోపీలు పీకి, ప్లగ్గుల తలలకి కూడా బొట్లు పెట్టి, ఏ టోపీ దేనిదో తెలియక మధ్యలో కవలలు రెండిటినీ తారుమారు చేసి పెట్టేసింది.

"కాలుతుంటే ఎట్ల పీకినవే అమ్మా?" అన్నాడు ఆయన, తిట్టాలో దండం పెట్టాలో తెలియక.

"కొంగుతోని" అంది అత్తమ్మ చిన్నగా. "ఇంటిల్లిపాదికి పెట్టి, పని చేసేదానికి పెట్టకపోతే మనసొప్పలె."

చిన్నత్తమ్మ గడప మీద కూర్చుని నవ్వీ నవ్వీ కట్టు కాలు పట్టుకుంది. "ఇంజనుకు బొట్టు పెట్టినవా అక్కా? మరి రవికెగుడ్డ ఏది?" ఆ రోజు కార్బన్ వైర్లు కొని ఉంటే అత్తమ్మ గుంజుడుకి లోపల దారాలు తెగి, వంతెన అవతలే ఆగిపోయేవాళ్లం. ఈ సంగతి మా ఆయనకి నేను ఇప్పటికీ అప్పుడప్పుడు గుర్తుచేస్తూ ఉంటాను, ముఖ్యంగా ఆయన రేడియో వింటున్నప్పుడు.

మర్నాడు మా ఆయన వైర్లు తుడిచి, ఆరబెట్టి, మధ్య రెండిటినీ వాటి చోట్లకి మార్చాడు. బయలుదేరేటప్పుడు ఇంజను మళ్లీ కుట్టుమిషనులా నడిచింది. అందరం మెచ్చుకున్నాం. చిన్నత్తమ్మ మంచం మీంచి విని, "మంచిగుంది" అంది గానీ ఆమె మొహం చిన్నబోయింది. అత్తమ్మ అది చూసింది.

మళ్లీ సంక్రాంతి దాటాక వెళ్లాం. వంతెన దాటగానే అత్తమ్మ వెనక నుంచి కొడుకు భుజం తట్టింది.

"జర పక్కకాపు. గా నడుమ రెండు వైర్లు అటిటు చెయ్యి."

"ఇంజను ఖరాబైతది అమ్మా."

"ఎంత దూరముందని ఖరాబైతది? చెయ్యి."

మా ఆయన నావైపు చూశాడు. నేను కిటికీ వైపు చూశాను. గొణుక్కుంటూ దిగి, బానెట్ ఎత్తి, మార్చి వచ్చాడు. ఆ తర్వాత కారు అమ్మేసేదాకా ప్రతిసారీ అంతే. తల్లాడ నుంచి గోదావరి దాకా నిశ్శబ్దంగా వెళ్లి, ఆ చివరి కాస్త దూరం ఊరంతా వినబడేలా ఠప్పుఠప్పుమంటూ వెళ్లేవాళ్లం. మేం చేరేసరికి చిన్నత్తమ్మ ఎప్పుడూ వాకిట్లోనే ఉండేది.